సుఖరామ్, సీతారామ్‌ల జమాదారిన్



సుఖరామ్, సీతారామ్. ఈ పేర్లు మీరు విని ఉండరు. వినలేదని నొచ్చుకోనక్కర్లేదు. వాళ్లు ఆడిన గడ్డ ఈ ఛత్తీస్‌గఢ్‌లోనే ఆ పేర్లు చెబితే గుర్తుపట్టేవాళ్లు తక్కువ. ఇద్దరూ నాచా అనే జానపద నాటకపు ఆటగాళ్లు. 1930లలో ఇద్దరూ కలిసి ఒక చిన్న ప్రహసనం కట్టారు. పేరు ‘జమాదారిన్’, అంటే వీధులూడ్చే ఆవిడ. కొన్నిచోట్ల దాన్నే ‘మెహతరిన్’ అన్నారు. కొన్ని దశాబ్దాల తర్వాత అదే ఆట ‘పోంగా పండిత్’ అనే పేరుతో పత్రికలకెక్కింది, పోలీసు కాపలా మధ్య ఆడాల్సి వచ్చింది. అప్పటికి ఆ ఇద్దరి ఊసు ఎత్తినవాళ్లు ఒకరిద్దరే.

నేను ఉండేది రాయ్‌పూర్ పండరీలో. టోకు బట్టల బజారు, మొన్నమొన్నటి దాకా బస్టాండు, హస్తకళల మేళాలు జరిగే ఛత్తీస్‌గఢ్ హాట్, ఇవన్నీ ఉన్న పేట. 1931లో విజయనగరం రైలుదారి పూర్తయినప్పటి నుంచీ, 1950లలో భిలాయి ఉక్కు కర్మాగారం పని మొదలైనప్పటి నుంచీ మన ఉత్తరాంధ్ర వాళ్లు ఇటువైపు వచ్చి స్థిరపడుతూనే ఉన్నారు. ఇంట్లో తెలుగు, బజారులో హిందీ, పనిమనిషితో ఛత్తీస్‌గఢీ. ఇన్నేళ్లయినా నాచా అంటే మనలో చాలామందికి పల్లెటూరి గెంతులాట అనే అభిప్రాయం ఉంది. ఈ పూట ఆ అభిప్రాయంతో కాస్త పోట్లాడదామని వచ్చాను.

నాచా రాత్రి తొమ్మిదికి మొదలై తెల్లారేదాకా సాగే ఆట. పాత రోజుల్లో దీనికి ‘ఖడే సాజ్’ అనేవారు. వాయిద్యగాళ్లు కూర్చునేవారు కాదు. తబలా నడుముకు కట్టుకుని, చికారా గుండెకు ఆనించుకుని, నిలబడే వాయిస్తూ ఆటగాళ్ల వెనకాలే తిరిగేవారు. వెలుతురు కోసం ఇద్దరు కాగడాలు పట్టుకునేవారు. ముఖానికి సుద్ద, జేగురు, హరిదళం, కాటుక. తెర లేదు, ఎత్తయిన వేదిక లేదు. జనం మూడు వైపులా, ఒక్కోసారి నాలుగు వైపులా నేలమీద కూర్చునేవారు. ముఖ్యమైన పాత్రలు రెండు. ఒకరు జోక్కడ్. మన తోలుబొమ్మలాట కేతిగాడు మనిషై వచ్చాడనుకోండి. ఇంకొకరు పరీ, ఆడవేషం కట్టిన మగవాడు. నెత్తిమీద చెంబు నిలబెట్టుకుని నాట్యం చేస్తూ జనంలోకి వస్తాడు, ముందువరస పెద్దమనుషుల దగ్గర ఆగుతాడు, చిల్లర పుచ్చుకుంటాడు, మళ్లీ వెనక్కి వెళతాడు. పాటకూ పాటకూ మధ్య గమ్మత్ ఆడతారు. గమ్మత్ అంటే నాటిక. రాత్రికి మూడో నాలుగో పడతాయి.

గమ్మత్‌కు రాతప్రతి ఉండదు. కథ ఎటు వెళ్లాలో అందరికీ తెలుసు, మాటలు మాత్రం అప్పటికప్పుడు పుడతాయి. ఎవడైనా ప్రేక్షకుడు కూర్చున్నచోటి నుంచి ఒక మాట విసిరితే, జోక్కడ్ కథ వదిలేసి నేరుగా వాడి ముందుకు వెళ్లి నిలబడతాడు. వాడికి జవాబు చెప్పి, చుట్టూ ఉన్నవాళ్లను నవ్వించి, మళ్లీ కథలోకి వస్తాడు. దీనికి దమ్ము కావాలి. ఎందుకంటే అలా మాట విసిరేది చాలాసార్లు ఆటకు డబ్బిచ్చిన గౌంటియా అనే ఊరిపెద్దో, దావు కుటుంబపు కుర్రాడో. ఇక్కడ భూస్వామిని దావు అంటారు. జోక్కడ్ మాత్రం ఏ దేవార్ కులం వాడో, సత్నామీయో, నిషాద్ అనే జాలరో అయి ఉంటాడు. పగలు ఆ దావు ముందు కూర్చునే హక్కు లేనివాడు రాత్రి కాగడా వెలుగులో అతన్ని నిలదీస్తాడు. తెల్లారాక మళ్లీ అదే వీధిలో అదే మనిషికి దండం పెట్టుకుంటూ పోతాడు.

ఇప్పుడు జమాదారిన్ సంగతి. రాత్రికో రకంగా మారే ఆట కాబట్టి ‘ఇదే అసలు పాఠం’ అని ఎవరూ చెప్పలేరు. ఇరుసు మాత్రం ఒక్కటే. ఒక పూజారి ఉన్నాడు. చదువు తక్కువ, ఆశ ఎక్కువ. వీధులూడ్చే ఆవిడ గుడిలోకి వస్తుంది. ఆమె చెయ్యి తగిలిందల్లా మైలే. ఇది ముట్టుకుంటే పోయింది, అది ముట్టుకుంటే పోయింది. పూజారి గుండెలు బాదుకుంటూ ఉంటాడు. చివరికి డబ్బు దగ్గరికి వచ్చేసరికి మైల లెక్క మారిపోతుంది. డబ్బు అంటుపడదు. అంతే కథ. ఒక వాక్యంలో చెప్పేస్తే నీతికథలా తేలిపోతుంది. ఆటలో మాత్రం ఆ లెక్కను సాగదీస్తారు. ఒక్కో వస్తువు దగ్గరా ఆగుతారు. ఆమె అమాయకంగా చెయ్యి చాపడం, అతను కెవ్వుమనడం, ఆమె ‘అయితే ఇదో?’ అన్నట్టు ఇంకోదాని వైపు తిరగడం. నవ్వు పెరుగుతున్నకొద్దీ ప్రేక్షకుల్లో కొందరికి కడుపులో ఏదో మెలిపెడుతుంది. 1930ల పల్లెలో ఆ నవ్వేవాళ్లలో సగం మంది మర్నాడు పొద్దున తమ ఇంటి వాకిలి ఊడ్చే ఆవిడకు కడవ తగలకుండా పైనుంచి నీళ్లు పోసేవాళ్లే.

1930లు అంటే ఏమిటో గుర్తుచేసుకోండి. 1933 నవంబరులో గాంధీ హరిజన యాత్రకు బయల్దేరి, ఆ నెలలోనే రాయ్‌పూర్‌కూ వచ్చాడు. గుళ్ల తలుపులు తెరవాలని సభల్లో ఉపన్యాసాలు సాగుతున్న కాలం. ఉపన్యాసకులు పెద్దకులం వాళ్ల మనస్సాక్షిని బతిమాలేవారు. గమ్మత్ బతిమాలలేదు. ఊడ్చే ఆవిడను గుడి మధ్యలో నిలబెట్టి, ముట్టుకోవే అంది.

ఈ ఆటను ఊరూరా తిప్పిన దళాల్లో రవేలీ దళం పేరు గట్టిగా వినిపిస్తుంది. రాజ్‌నంద్‌గావ్ దగ్గర రవేలీ గ్రామం. అక్కడి దావు కుటుంబంలో పుట్టిన దులార్ సింగ్ సావ్, జనం నోట దావు మందరాజీ, 1920ల చివర ఆ దళం కట్టాడు. నాచాలోకి హార్మోనియం తెచ్చినవాడు ఆయనే అంటారు. భూస్వామి బిడ్డ తక్కువ కులాల వాళ్లతో కలిసి రాత్రుళ్లు తిరుగుతాడా అని ఇంట్లో గొడవ, ఊళ్లో గుసగుస. ఆయన లెక్కచెయ్యలేదు. ఆస్తి నాచా మీదే కరిగిపోయింది. 1984లో పోయాడు. ఇప్పుడు ఆయన పేరు మీద రాష్ట్ర ప్రభుత్వం బహుమతి ఇస్తోంది. నా మటుకు నాకు ఈ మనిషి మీద గౌరవంతో పాటు చిన్న అసూయ కూడా ఉంది. తన తరగతిని వెక్కిరించే ఆటకు తన పొలమే అమ్మి కిరోసిను కొనడం అందరికీ సాధ్యమయ్యే పని కాదు.

ప్రేక్షకుణ్ణి రెచ్చగొట్టే కళ, ఇబ్బందిపెట్టే కళ అనగానే మన విశ్వవిద్యాలయాల్లో చెప్పే ఉదాహరణలు వేరు. 1964లో క్యోటోలో యోకో ఓనో వేదిక మీద కదలకుండా కూర్చుని, వచ్చినవాళ్ల చేతికి కత్తెర ఇచ్చి తన బట్టలు కత్తిరించమంది. 1974లో నేపుల్స్‌లో మరీనా అబ్రమోవిచ్ ఒక బల్ల మీద 72 వస్తువులు పెట్టి, వీటితో నన్ను ఏమైనా చేసుకోండి అని ఆరు గంటలు నిలబడింది. వాటిలో గులాబీ ఉంది, తేనె ఉంది, తుపాకీ, తూటా కూడా ఉన్నాయి. మొదట మొహమాటపడిన జనం తర్వాత ఆమె బట్టలు చించారు, ముళ్లు గుచ్చారు, ఒకడు తుపాకీ ఎత్తి ఆమె చేతికే ఇచ్చి మెడకు గురిపెట్టాడు. గడువు ముగిసి ఆమె వాళ్లవైపు నడిచేసరికి అందరూ తప్పుకుని పారిపోయారు. గొప్ప సంఘటనే. కాదనను. కానీ అక్కడికి వచ్చినవాళ్లు ఎవరో ఆమెకు తెలియదు, మర్నాడు కనిపించనవసరం లేదు. జమాదారిన్ వేషం కట్టినవాడికి ఆ సదుపాయం లేదు. అతని ముందు కూర్చున్నవాళ్లు అతని తాత పేరు తెలిసినవాళ్లు. ఎవరి పొలంలో కూలికి వెళతాడో తెలిసినవాళ్లు. వేషం కడిగేసుకున్నా దాక్కోవడానికి చోటు లేదు.

మన వైపు ఇలాంటివి లేవా? ఉన్నాయి. మాచుపల్లి కైఫీయతులో ఒక వృత్తాంతం ఉంది. పదహారో శతాబ్దం మొదట్లో సిద్ధవటం సీమను ఏలుతున్న సమ్మెట గురవరాజు పన్నుల కోసం ఆడవాళ్లను హింసిస్తున్నాడు. ఆ దారిన పోయిన కూచిపూడి భాగవతులు విజయనగరం చేరి, వీరనరసింహరాయల కొలువులో వేషాలు కట్టి ఆ హింసనే ఆడి చూపించారు. రాయలు సైన్యం పంపాడు, గురవరాజు తల పోయింది. కూచిపూడి చరిత్ర చెప్పేవాళ్లు ఈ కథతోనే మొదలుపెడతారు. గురవరాజు వేషం కట్టిందెవరు, హింస పడే స్త్రీ వేషం కట్టిందెవరు అంటే కైఫీయతు నోరు విప్పదు. రాజుగారి పేరుంది, దుర్మార్గుడి పేరుంది, ఆటగాళ్లకు మాత్రం ‘భాగవతులు’ అనే గుంపు పేరొకటే మిగిలింది.

అదే కూచిపూడి వాళ్లు పగటివేషాల్లో సోమయాజులు, సోమిదేవమ్మ వేషం కట్టి వైదికుల ఇళ్ల ముందే వైదికుల్ని వెక్కిరించారు. ఆ ఇళ్లవాళ్లే నవ్వి, బియ్యమో కాసులో ఇచ్చి పంపారు. బ్రాహ్మణులే బ్రాహ్మణుల్ని వెక్కిరించడం కాబట్టి అది ఇంటి మాట, ఇంట్లోనే చెల్లిపోయింది. జమాదారిన్‌కూ దానికీ తేడా ఇక్కడే ఉంది. వెక్కిరింత గడప అవతలి నుంచి వచ్చినప్పుడు దాని రుచి మారిపోతుంది.

ఇంకా దగ్గరి కాలానికి రండి. 1965 మే 6 అర్ధరాత్రి హైదరాబాదులో దిగంబర కవులు తమ మొదటి సంపుటిని విడుదల చేశారు. విడుదల చేసింది మంత్రి కాదు, ఆచార్యుడు కాదు. నాంపల్లి పాండు అనే రిక్షా కార్మికుడు. ఏడాదిన్నర తర్వాత విజయవాడలో రెండో సంపుటిని హోటలు పనివాడు జంగాల చిట్టి, 1968లో విశాఖలో మూడో సంపుటిని ఎడమనూరి యశోద అనే బిచ్చగత్తె విడుదల చేశారు. ఆరుగురు కవులూ వారాలకు, ఋతువులకు కొత్త పేర్లు పెట్టుకున్నారు, సొంత పేర్లు కూడా మార్చుకున్నారు. తెలుగు సాహిత్యసభ అనే తంతును నడివీధిలో తలకిందులు చేశారు. అది అచ్చంగా ప్రదర్శనే, చప్పట్ల కోసం కాక చెంపపెట్టుగా చేసిన ప్రదర్శన. వాళ్లంటే నాకు అభిమానం. అయినా ఒక మాట అనకుండా ఉండలేను. పాండు ఆ రాత్రి కోసం వచ్చాడు, సంపుటి చేతిలో పట్టుకున్నాడు, తర్వాత కథంతా కవులది. పుస్తకంలో మాట అతనిది కాదు. నాచాలో రిక్షావాడే కవి.

సరే, మళ్లీ రాయ్‌పూర్. 1923లో ఈ ఊళ్లోనే పుట్టిన హబీబ్ తన్వీర్ బొంబాయిలో ఇప్టా నాటక సంఘంతో తిరిగి, ఢిల్లీలో నాటకాలు వేసి, 1955లో లండన్ వెళ్లి రాడా నాటక విద్యాలయంలో చదివి, జర్మన్ నాటకకర్త బ్రెహ్ట్ నాటకాలు చూద్దామని బెర్లిన్ వెళ్లాడు. ఆయన వెళ్లేసరికి బ్రెహ్ట్ చనిపోయాడు. నాటకాలు మాత్రం చూశాడు. 1958లో ఇంటివాళ్లను చూడడానికి రాయ్‌పూర్ వచ్చినప్పుడు, తాను చదువుకున్న బడి మైదానంలో నాచా ఉందని తెలిసి వెళ్లి తెల్లవార్లూ కూర్చున్నాడు. బంట్రోతు మీద ఒక గమ్మత్, సాధువు మీద ఒక గమ్మత్. ఆడినవాళ్లు మదన్ నిషాద్, ఠాకుర్ రామ్, బాబూదాస్, భుల్వారామ్. ఐరోపా అంతా తిరిగి వెతికినది సొంత బడి మైదానంలో దొరికింది. ఢిల్లీ వస్తారా అని అక్కడికక్కడే అడిగాడు. వాళ్లు సరేనన్నారు. ఆ ఏడాదే వాళ్లతో ‘మృచ్ఛకటికం’ను ‘మిట్టీ కీ గాడీ’గా ఆడించాడు. మరుసటి ఏడు భార్య మోనికా మిశ్రాతో కలిసి నయా థియేటర్ పెట్టాడు.

పెట్టాక పుష్కరకాలం దాకా పని సరిగా కుదరలేదు. కారణాన్ని తన్వీరే దాచకుండా చెప్పుకున్నాడు. లండన్‌లో నేర్చుకున్న పద్ధతిలో ఈ మాటకు ఇటు రండి, ఆ మాటకు అటు వెళ్లి నిలబడండి అని సుద్దముక్కతో గీతలు గీసేవాడు. ఎవడు నవ్వితే వాడి దగ్గరికి వెళ్లి జవాబు చెప్పే అలవాటున్న మనిషిని గీత మీద నిలబెడితే వాడిలో నటుడు చచ్చిపోడా? దానికి తోడు హిందీలో మాట్లాడాలి. నాలుక తిరగదు. 1970ల మొదట్లో తన్వీర్ రెండూ వదిలేశాడు. మీ భాషలో మీ ఇష్టమొచ్చినట్టు ఆడండి అన్నాడు. 1973లో రాయ్‌పూర్‌లో నాచా శిబిరం పెట్టాడు. పాత గమ్మత్‌లను అతికి అందులోంచి ‘గావ్ కే నావ్ ససురాల్, మోర్ నావ్ దామాద్’ పుట్టింది. తర్వాత ‘చరణ్‌దాస్ చోర్’ వచ్చింది. 1982లో ఎడింబరో ఉత్సవంలో దానికి ఫ్రింజ్ ఫస్ట్ బహుమతి దక్కింది. పత్రికలు దాన్ని ప్రయోగాత్మక నాటకం అన్నాయి. ప్రయోగం చేసిందెవరు? తన్వీర్ చేసిన అసలు ప్రయోగం తన చదువును పక్కన పెట్టడం. మిగతాదంతా ఆటగాళ్లు ముందునుంచీ చేస్తున్నదే.

దీనికి ఇంకో పక్క కూడా ఉంది. మంచి ఆటగాళ్లు ఢిల్లీ బండెక్కాక ఇక్కడి దళాలు బక్కచిక్కాయని, మందరాజీ ఒంటరివాడయ్యాడని ఛత్తీస్‌గఢ్ వాళ్లలో ఒక ఫిర్యాదు ఉంది. అది పూర్తిగా తోసెయ్యాల్సిన మాట కాదు. కానీ ఢిల్లీ వెళ్లకపోతే ఆ మదన్ నిషాద్‌ను, నటి ఫిదాబాయిని మనలాంటివాళ్లం ఎప్పటికీ చూసి ఉండం. రెండూ నిజమే. తూకం వెయ్యడం నా వల్ల కాదు.

జమాదారిన్ కూడా నయా థియేటర్‌తో పాటే తిరిగింది. ఏళ్ల తరబడి ఆడారు, జనం నవ్వారు, ఇంటికెళ్లారు. 1992 డిసెంబరులో బాబ్రీ మసీదు కూలాక గాలి మారింది. నాటకం హిందూమతాన్ని అవమానిస్తోందని సంఘ్ పరివార్ సంస్థలు అడ్డుపడ్డాయి. 2003 ఆగస్టులో మధ్యప్రదేశ్ పర్యటనలో, దేశవిభజన మీద అస్గర్ వజాహత్ రాసిన లాహోర్ నాటకంతో కలిపి దీన్ని ఊరూరా ఆడుతుంటే గొడవ తీవ్రమైంది. నినాదాలు, దౌర్జన్యం, ఆగిపోయిన ప్రదర్శనలు. ఆ ఏడాది చివర అక్కడ శాసనసభ ఎన్నికలు. తన్వీర్‌కు అప్పటికి ఎనభై ఏళ్లు. ఆయన పదేపదే చెప్పిన జవాబు ఒకటే. ఈ నాటకం నాది కాదు, సుఖరామ్, సీతారామ్ అనే ఇద్దరు పల్లెటూరి ఆటగాళ్లు కట్టినది, 1930ల నుంచీ ఛత్తీస్‌గఢ్ పల్లెల్లో హిందువులే ఆడుతున్నారు, హిందువులే చూస్తున్నారు అని. ఎవరూ వినలేదు. గొడవకు దర్శకుడి పేరు పనికొచ్చింది. ఆ పేరు ముస్లింది కావడం మరీ పనికొచ్చింది. సుఖరామ్ అనే పేరుతో ఊరేగింపు తియ్యడం కష్టం.

నాకు ఇందులో వింతగా తోచేది ఒకటుంది. 1930లలో, మైల నిజంగా పాటించే ఊళ్లో, ఆ పూజారి బంధువుల మధ్యే ఆడినప్పుడు ఈ ఆట మీద రాళ్లు పడిన కథలేవీ ప్రచారంలో లేవు. తిట్లు పడే ఉంటాయి, కూలి ఎగ్గొట్టే ఉంటారు. కానీ ఆట నిలిచింది, అరవై ఏళ్లు నడిచింది. తమను వెక్కిరిస్తున్నది ఎవరో, ఎందుకో ఆ ఊరికి తెలుసు. 2003లో లేచినవాళ్లలో చాలామంది నాటకం చూడలేదు. చూడనివాణ్ణి ఏ జోక్కడ్ నవ్వించగలడు?

ఆటగాళ్ల బతుకు సంగతి క్లుప్తంగా చెబుతాను, ఎందుకంటే అందులో కొత్తదనం లేదు. చరణ్‌దాస్ వేషంతో దేశాలు తిరిగిన గోవిందరామ్ నిర్మల్కర్‌కు 2009లో పద్మశ్రీ వచ్చింది. చివరి రోజులు పేదరికంలో, జబ్బుతో గడిచాయి. 2014లో పోయాడు. ఆ పద్మశ్రీ వచ్చిన 2009లోనే జూన్ 8న తన్వీర్ భోపాల్‌లో కన్నుమూశాడు. దాదాపు రెండు నెలలకే ఛత్తీస్‌గఢ్ ప్రభుత్వం బడుల పుస్తకపఠన కార్యక్రమంలోంచి ‘చరణ్‌దాస్ చోర్’ను తొలగించింది. సత్నామీ సమాజంలో కొందరు అభ్యంతరం చెప్పారన్నది కారణం. సత్నామీ ఆటగాళ్లు, సత్నామీ పంథీ పాటలు ఉన్న నాటకం అది.

నాచా చచ్చిపోయిందని మాత్రం అనుకోకండి. పండగల రోజుల్లో, కోతలైపోయాక రాజ్‌నంద్‌గావ్, దుర్గ్, ధమ్‌తరీ పల్లెల్లో ఇప్పటికీ దళాలు ఆడుతున్నాయి. కాగడాలు పోయి ఎల్‌ఈడీ దీపాలొచ్చాయి, చికారా పోయి కీబోర్డు వచ్చింది, సినిమా పాటలు దూరాయి. వాటిమీద సణిగే పెద్దలున్నారు, నేనూ వాళ్లలో ఒకణ్ణే. కానీ జోక్కడ్ ఇంకా కథ వదిలేసి జనంలోకి వస్తాడు. మన తెలుగువాళ్లు వెళితే దొరికిపోవడం ఖాయం. మన హిందీ యాస వాళ్లకు మంచి సరుకు. భాష సగం అర్థం కాకపోయినా ఫర్వాలేదు, ముందువరసలోనే కూర్చోండి. జేబులో పదిరూపాయల నోట్లు కొన్ని ఉంచుకోండి. పరీ మీ ముందుకొచ్చి ఆగినప్పుడు ఐదువందల నోటు తీస్తే చిల్లర ఇవ్వరు.